కోనసీమకు పిల్లలతో: పాఠకుల ప్రశ్నలు, సమాధానాలు

సెలవులలో పిల్లలను ఏ పల్లెకు తీసుకువెళ్లాలని అడుగుతూ వచ్చిన ఉత్తరాలలో కోనసీమ గురించినవే ఎక్కువగా ఉండటంతో, ఈసారి శీర్షికను పూర్తిగా గోదావరి పాయలైన గౌతమికి, వసిష్ఠకు నడుమనున్న ఆ నేలకు, దాని చుట్టుపక్కల ఊళ్లకు కేటాయిస్తున్నాము.

ప్రశ్న: మాకు తొమ్మిదేళ్ల బాబు, అయిదేళ్ల పాప. మోకాళ్ల నొప్పులున్న మా అత్తగారు కూడా వస్తానంటున్నారు. సంక్రాంతి సెలవులలో మూడు రోజులు కోనసీమలో గడపాలని పద్నాలుగు చోట్ల జాబితా రాసుకున్నాము. అన్నీ చూడగలమా? పిల్లలకు వరి చేను దగ్గరగా చూపించాలన్నది నా ప్రత్యేకమైన కోరిక. (ఒక పాఠకురాలు, హైదరాబాద్)

సమాధానం: చూడలేరండీ. పరుగులు పెట్టి చూసినా పిల్లలకు కారు కిటికీ తప్ప మరేదీ గుర్తుండదు. ఆ జాబితాలో మూడింటిని మాత్రం ఉంచుకుని, ఒక్కొక్క చోట కనీసం ఒక పూట గడిపేలా ఏర్పాటు చేసుకోండి. పట్నపు పిల్లలు చేలోకి దిగిన మొదటి గంట కాళ్లకు మట్టి అంటకుండా గట్టు మీదే బిగుసుకుని నిలబడతారు. రెండో గంటలోనే వంగి కప్పపిల్లలను, పీత బొరియలను వెతకడం మొదలుపెడతారు. మనం అంత దూరం వెళ్లేది ఆ రెండో గంట కోసమే.

వరి చేను చూపించాలంటే ముందు పంటకాలం తెలుసుకోవాలి. గోదావరి డెల్టాలో వరి రెండు పంటలు: వానాకాలంలో సార్వా, శీతకాలంలో దాళ్వా. సార్వా ఊడ్పులు, అంటే నాట్లు, జూలై, ఆగస్టు నెలలలో సాగి, కోతలు నవంబరు ప్రాంతానికి వస్తాయి. దాళ్వా ఊడ్పులు సంక్రాంతికి అటూ ఇటూగా జరిగి, పంట ఏప్రిల్‌లో చేతికి వస్తుంది. ఆ తరువాత కాలువలు కట్టేస్తారు కాబట్టి, కోనసీమ ఏడాది పొడవునా పచ్చగానే ఉంటుందని నమ్మి మే నెలలో వెళ్లినవారికి కొబ్బరి నీడ దొరుకుతుంది గాని, నీళ్లు పారే కాలువ గాని, పచ్చని చేను గాని కనిపించవు. మీరు వెళ్లేది సంక్రాంతికి కనుక నారుమడి, దమ్ము చేసిన (నీరు పెట్టి బురదగా దున్నిన) మడి, ఊడ్పు పూర్తయిన చేను మూడింటినీ ఒకే గట్టు మీద నిలబడి చూపించే వీలుంది. ఆడకూలీలు వరుసగా వంగి వెనక్కి నడుస్తూ నాటుతున్నప్పుడు, పక్కన ఒక మూల మీ పిల్లలను కూడా నాలుగు మొక్కలు పెట్టనివ్వమని రైతును ముందే అడగండి. వారు పెట్టినవి తేలిపోతే కూలీలు సరిచేస్తారు; అయినా ఆ కొద్దిపాటి అదనపు శ్రమకు వారి చేతిలో ఏమైనా పెట్టడం మర్యాద.

మొదటి రోజు రాజమహేంద్రవరంలో దిగగానే ధవళేశ్వరం వెళ్లి ఒక గంట గోదావరిని చూడండి. ఆర్థర్ కాటన్ పర్యవేక్షణలో 1847లో మొదలై 1852లో పూర్తయిన ఆనకట్ట, దాని స్థానంలో తరువాత కట్టిన ఇప్పటి బ్యారేజీ, కాటన్ పేరిట ఉన్న మ్యూజియం అక్కడే ఉన్నాయి. మర్నాడు చేలో పారే నీరు ఇక్కడి తలుపుల గుండా బయలుదేరుతుందని బాబుకు చెబితే, ఆ వయసుకు అది బాగా పట్టుబడుతుంది. మిగిలిన పూట కడియం నర్సరీలలో గడపండి. పూలను చూసి ఫొటోలు తీసుకుని వచ్చేయకుండా, అంటు కట్టేవారి పక్కన పిల్లలను కూర్చోబెట్టండి. కొమ్మ చుట్టూ అంగుళం మేర బెరడును ఉంగరంలా ఒలిచి, తడిపిన నాచు ముద్దను అక్కడ పెట్టి, ప్లాస్టిక్ కాగితం చుట్టి, రెండు కొసలా దారంతో బిగిస్తారు. కొన్ని వారాలకు ఆ ముద్దలోకి తెల్లని వేళ్లు దిగుతాయి. నిన్న కట్టినదీ, నెల కిందట కట్టినదీ పక్కపక్కనే చూపించమని అడిగితే చాలు, పాపకు కూడా సంగతి అర్థమవుతుంది.

రెండో రోజు పూర్తిగా తోటకు, చేనుకు. మీ అత్తగారికి కొబ్బరి తోటలో నులక మంచం వేయిస్తే ఆవిడ కదలనక్కరలేదు, పిల్లలే ఆవిడ దగ్గరకు వచ్చి పోతుంటారు. గట్ల మీద నడిపించే ప్రయత్నం మాత్రం చేయకండి. ఊడ్పుల కాలంలో గట్లు జారుతుంటాయి. మూడో రోజు బ్యారేజీ మీదుగా బొబ్బర్లంక దాటి ఆత్రేయపురం వెళ్లండి. 2023లో భౌగోళిక గుర్తింపు పొందిన అక్కడి పూతరేకులను దుకాణంలో కొనుక్కోవడం కంటే, రేకు తీసే ఇంటికి వెళ్లడం మేలు. బోర్లించిన కుండ కింద ఎండు కొబ్బరాకుల మంట పెట్టి, పలుచని బియ్యపు పిండిలో ముంచిన గుడ్డను కుండ మీద ఒక్కసారి లాగుతారు. రెండు క్షణాలలో అది కాగితం కంటే పలుచని పొరగా పైకి లేస్తుంది. ఆ పొరను వెలుతురుకు అడ్డంగా పట్టుకుని అటు నుంచి అమ్మ ముఖం చూడని పిల్లలను నేను చూడలేదు.

కనుమ నాడు జగ్గన్నతోటలో ఏకాదశ రుద్రుల ప్రభల తీర్థం, అంటే పదకొండు ఊళ్ల శివుళ్లను ఎత్తయిన ప్రభల మీద మోసుకువచ్చే జాతర, జరుగుతుంది. చూడవలసినదే గాని, ఆ రద్దీలో అయిదేళ్ల పాపతోనూ, మోకాళ్ల నొప్పులున్న పెద్దావిడతోనూ వెళ్లవద్దని నా అభిప్రాయం.

ప్రశ్న: పోయిన ఏడాది పల్లెలో విడిది అంటే వెళ్లాము. ఈత కొలను, ఊయల, బిర్యానీ తప్ప అక్కడ సేద్యం అన్నది లేదు. నిజమైన రైతు తోటలోకి వెళ్లాలంటే ఎవరిని అడగాలి? ఎంత ఇవ్వాలి? (ఒక పాఠకుడు, విజయవాడ)

సమాధానం: బంధువులో, స్నేహితులో ఎవరో ఒకరు ఆ ప్రాంతంలో ఉంటే వారి ద్వారా అడగడమే అన్నిటికంటే మంచి దారి. ఎవరూ లేకపోతే, మీరు దిగే విడిది వారినే "దగ్గరలో దింపు ఎప్పుడు, ఎవరి తోటలో?" అని అడగండి. చెట్టు నుంచి కొబ్బరికాయలు కోయడాన్ని అక్కడ దింపు అంటారు. ఒక్కో తోటలో నెలన్నర, రెండు నెలలకు ఒకసారి వచ్చే పని అది. ఆ ఉదయం తోటలో ఉన్నవారికి చూడవలసినదంతా ఒకేచోట దొరుకుతుంది: ఎక్కేవారు, కాయ పోగుచేసేవారు, గునపానికి గుచ్చి పీచు ఒలిచేవారు, లెక్క రాసుకునే వ్యాపారి. పిల్లలను మాత్రం దింపు జరిగే చెట్లకు బాగా దూరంగా, పెద్దవారి చేయి పట్టించి నిలబెట్టాలి. ఈ ఒక్క విషయంలో మొహమాటం పనికిరాదు.

కాయలు పోగుపడ్డాక పిల్లల చేతికి ఒక పచ్చికాయ, ఒక కురిడీ కాయ ఇప్పించండి. పచ్చికాయను ఊపితే నీళ్లు కదిలిన చప్పుడు వస్తుంది. నెలల తరబడి అటక మీద ఆరి, లోపలి నీరంతా ఇంకిపోయిన కురిడీని ఊపితే, చిప్ప నుంచి విడిపోయిన కొబ్బరి గుండు దొర్లుతున్న చప్పుడు వస్తుంది. కొబ్బరి నీడన కోకో అంతరపంట ఉంటే మరీ మంచిది. చెట్టు మొదలుకే అంటుకుని కాసే ఆ కాయను పగలగొట్టి, గింజల చుట్టూ ఉండే తెల్లని గుజ్జును చప్పరించమనండి. చాక్లెట్ రుచి ఏమీ ఉండదు, పుల్లపుల్లగా, తీయగా ఉంటుంది. అదే గింజను పులియబెట్టి, ఎండబెట్టి, వేయిస్తే గాని చాక్లెట్ వాసన రాదని అక్కడే చెప్పండి.

ఇక డబ్బు సంగతి. రైతు వద్దంటాడు, మనం ఊరుకుంటాము. ఇది సరి కాదు. మన కోసం ఆయన ఒక పూట పని ఆపుకున్నాడు కాబట్టి, ఆ ఊరిలో ఒక మనిషి రోజు కూలి ఎంతో కనుక్కుని అంతకు తగ్గకుండా ఇవ్వండి. పుచ్చుకోకపోతే కాయలో, అరటి గెలో బేరమాడకుండా కొనండి. గిట్టుబాటు లేక 2011 సార్వాలో ఈ కోనసీమ రైతులే పంట విరామం ప్రకటించి చేలు బీడు పెట్టుకున్నారన్నది మనం మరచిపోకూడదు.

ప్రశ్న: మేము అమెరికాలో ఉంటాము. పిల్లల బడి సెలవుల వల్ల జూలై, ఆగస్టులలోనే రాగలము. వానలలో, వరదలలో కోనసీమకు పిల్లలను తీసుకురావచ్చా? నీళ్లు, దోమలు అంటే భయంగా ఉంది. (ఒక పాఠకురాలు, డల్లాస్)

సమాధానం: రావచ్చు, కాని గోదావరి మాట విని రావాలి. ధవళేశ్వరం వద్ద నీటిమట్టం 11.75 అడుగులకు చేరితే మొదటి ప్రమాద హెచ్చరిక, 13.75కు రెండవది, 17.75కు మూడవది ఎగురవేస్తారు. వరద కాలంలో ఈ అంకెలు రోజూ వార్తలలో వస్తాయి. మొదటి హెచ్చరిక వచ్చిందంటే లంక గ్రామాల (నది నడుమ దీవులలోని ఊళ్ల) ప్రయాణం మానుకోండి. పంటులు (జనాన్ని, వాహనాలను ఏరు దాటించే బల్లకట్లు), పడవలు ఎక్కే ఆలోచన అసలే వద్దు. 2022 జూలై వరదలో లంకలు ఎన్ని రోజులు నీటిలో ఉన్నాయో అక్కడివారు ఇప్పటికీ చెబుతారు. వరద లేని రోజున కూడా లైఫ్ జాకెట్ ఇవ్వని పడవను, ఇచ్చినా పిల్లల కొలతది లేని పడవను ఎక్కవద్దు. 2019 సెప్టెంబరు 15న కచ్చులూరు వద్ద పర్యాటకుల పడవ మునిగిన దుఃఖం చాలా కుటుంబాలలో ఇంకా ఆరలేదు.

వరద లేనప్పుడు ఆ నెలలే నిజానికి అందమైనవి. కాలువలు నిండుగా పారుతుంటాయి, సార్వా ఊడ్పులు జోరుగా ఉంటాయి, సముద్రం నుంచి ఏటికి ఎదురీదే పులస చేప కోసం రేవుల దగ్గర జనం కాచుకుని ఉంటారు. కడియం నర్సరీలకు వాన అడ్డంకి కాదు. చేలో దిగాక జలగ పట్టుకుంటే కంగారుపడి లాగకండి. గోటితో పక్క నుంచి నెమ్మదిగా తప్పించి, ఆ చోటు కడిగితే చాలు. తాగడానికి కాచి చల్లార్చిన నీళ్లు, బయట తిరిగేటప్పుడు కళ్ల ముందు కొట్టించిన కొబ్బరి బొండం, రాత్రికి దోమతెర. ఈ మూడూ తప్పనిసరి. పిల్లల వైద్యుని సలహా మాత్రం బయలుదేరే ముందే తీసుకోండి.

ప్రశ్న: ఏడవ తరగతి పిల్లలను నలభై మందిని కోరింగ మడ అడవులకు తీసుకువెళ్తున్నాము. పడవ షికారు తప్ప వారికి ఏమి చూపించవచ్చు? (ఒక ఉపాధ్యాయుడు, ఖమ్మం జిల్లా)

సమాధానం: పడవ కంటే కర్రల వంతెన మీది నడకే పిల్లలకు ఎక్కువ నేర్పుతుంది. కాకినాడ నుంచి యానాం వెళ్లే దారిలో ఉన్న ఈ అభయారణ్యాన్ని 1978లో ప్రకటించారు. ఆటుపోట్ల వేళలు ముందుగా కనుక్కుని, నీరు తీసిన సమయానికి చేరుకోండి. అప్పుడే బురద బయటపడి, అందులోంచి పెన్సిళ్లు గుచ్చినట్టు నిటారుగా లేచిన మడచెట్ల శ్వాసవేళ్లు కనిపిస్తాయి. ఉప్పుబురదలో గాలి ఆడదు కనుక చెట్టు వేరును పైకి పంపి ఊపిరి తీసుకుంటోందని చెప్పండి. ఒక డెక్క మాత్రమే పెద్దదిగా ఉండే చిన్న పీతలు, బురద మీద గెంతే చేపలు కదలకుండా పది నిమిషాలు నిలబడినవారికే కనిపిస్తాయి. కాబట్టి నలభై మందినీ నాలుగు జట్లుగా చేసి, జట్టుకు ఒక పెద్దవారిని పెట్టండి. నీరుకుక్క, బావురుపిల్లి అక్కడ ఉన్నాయి గాని కనిపిస్తాయని పిల్లలకు మాట ఇవ్వకండి. 1839 తుపానులో దెబ్బతిన్న కోరంగి రేవు గురించి, 1996 నవంబరు 6 తుపానుకు కోనసీమలో కొబ్బరి చెట్లు నేలకూలిన సంగతి గురించి అక్కడే నిలబడి చెబితే, అలల వేగాన్ని తగ్గించే ఈ అడవి ఎందుకు కావాలో వారికి విడిగా వివరించనక్కరలేదు.

ప్రశ్న: మాకు అమలాపురం దగ్గర నాలుగెకరాల కొబ్బరి తోట, అందులో కోకో ఉంది. సెలవులలో కుటుంబాలను రానివ్వాలని మా అబ్బాయి అంటున్నాడు. ముందుగా ఏమి కట్టించాలి? (ఒక రైతు, కోనసీమ)

సమాధానం: నీళ్లు సరిగా వచ్చే శుభ్రమైన మరుగుదొడ్డి, బావికి నడుమెత్తు గట్టు, దాని మీద ఇనుప చువ్వల మూత. ఈ రెండూ అయ్యేదాకా ఎవరినీ పిలవకండి. ఆ తరువాత మోటారు తీగలు పిల్లలకు అందకుండా పైకి కట్టించండి, పురుగుమందులకు తాళం వేయండి, మందు కొట్టిన రోజులలో రావద్దని ముందే చెప్పండి. గదులు, కొలనులు కట్టడానికి అప్పు చేయవద్దని మీ అబ్బాయికి నా మాటగా చెప్పండి. వచ్చేవారు చూడాలనుకునేది మీ పని. రోజుకు రెండు కుటుంబాలకు మించి రానివ్వకుండా, మీ ఇంట వండుకునే అన్నం, పప్పు, కంద పులుసే వారికీ పెట్టి, ఖర్చు పోను మిగిలేలా ధర పెట్టండి. తరువాతి దింపు ఏ తేదీనో ఒక పలక మీద రాసి తోట గుమ్మానికి తగిలించండి. ఫోను చేసినవారికి కూడా మొదట ఆ తేదీయే చెప్పండి.