పోలండ్ పంపకం మీద నవల రాస్తున్న నీకు

చిరంజీవికి ఆశీస్సులు.

నవల తొలి అధ్యాయాలు అందాయి. వాక్యం నీకు బాగా లొంగింది. నా అభ్యంతరం ఒక్కటే, కానీ అది పెద్దది. నీ కథలో పోలండ్-లిథువేనియా రాజ్యం తనంతట తానే చివికిపోయి, పక్కనున్న రష్యా, ప్రష్యా, ఆస్ట్రియాల ఒళ్ళో రాలిపడుతోంది. జరిగింది అది కాదు. ఆ బలహీనతకు పొరుగువాళ్ళు ఒప్పందాలు రాసుకుని మరీ కాపలా కాశారు. ఆ రాజ్యం కోలుకుంటున్న సూచనలు కనబడగానే మిగిలింది కూడా పంచేసుకున్నారు. నవల మొత్తం ఈ సంగతి మీద నిలబడాలి.

ముందు వీటో సంగతి సరిచెయ్యి. పోలండ్ పార్లమెంటు సెయిమ్‌లో ఒక్క ప్రతినిధి కాదంటే చర్చలో ఉన్న చట్టం ఒక్కటే ఆగేదని రాశావు. ఆ సమావేశంలో అప్పటిదాకా ఒప్పుకున్నవన్నీ రద్దయ్యేవి. మూడో ఆగస్టస్ 30 ఏళ్ళు పోలండ్ రాజుగా ఉంటే, 1736లో జరిగిన ఒక్క సెయిమ్ మాత్రమే చట్టాలు చేసి ముగిసింది. ఇంతవరకు అందరూ చెప్పేదే. నువ్వు చెప్పాల్సింది ఆ తర్వాతిది. 1764లో రష్యా, ప్రష్యా కుదుర్చుకున్న ఒప్పందంలో పోలండ్ రాజును ఎన్నుకునే పద్ధతీ, ఈ వీటో పద్ధతీ మారకుండా చూడాలని రాసుకున్నాయి. 1768లో రష్యా వాటికి హామీదారైంది. అంటే పోలండ్ తన చట్టాన్ని తాను మార్చుకోవాలన్నా రష్యా రాజధాని పీటర్స్‌బర్గ్ ఊ అనాలి. సైన్యం కథా అలాంటిదే. రష్యా అండతో 1717లో ముగిసిన రాజీ పోలండ్ సైన్యాన్ని 24,000 దగ్గర కట్టేసింది. 1786లో ప్రష్యా రాజు ఫ్రెడరిక్ చనిపోయేనాటికి ప్రష్యా సైన్యం లక్షా 90 వేల దాకా ఉంది. ఈ రెండు అంకెలూ పాఠకుడికి ముందే తెలియాలి, లేకపోతే పోలండ్ యుద్ధం చెయ్యకుండా ఎందుకు భూమి వదిలిందో అతనికి అర్థం కాదు.

ఇప్పుడు 1773 వార్సా దృశ్యం. దేన్నైనా ఆపగల వీటో ఉండగా రాజ్యాన్ని పంచే ఒప్పందాన్ని ఎవరూ ఎందుకు ఆపలేకపోయారు? నీ అధ్యాయంలో దీనికి జవాబు లేదు. జవాబు సభా నియమాల్లో ఉంది. సెయిమ్ ‘కాన్ఫెడరేషన్’గా ఏర్పడితే అక్కడ వీటో చెల్లదు, మెజారిటీ చాలు. అప్పుడు సభ నడిపిన ఆడమ్ పోనిన్‌స్కీ పంచుకునేవాళ్ళ డబ్బు తిన్నవాడు. నొవొగ్రూదెక్ ప్రతినిధి తదేవుష్ రెయితాన్ గుమ్మానికి అడ్డంగా పడుకున్నది దేశం పోతోందన్న దుఃఖంతో మాత్రమే కాదు, ఆ సభ కాన్ఫెడరేషన్‌గా మారకుండా ఆపడానికి. మారకపోయి ఉంటే ఒక్క గొంతు సరిపోయేది. ఈ నియమం పాఠకుడికి ఓ అధ్యాయం ముందే, ఏదో మామూలు సందర్భంలో తెలియజెయ్యి. గుమ్మం దగ్గర వివరించడం మొదలుపెడితే దృశ్యం చచ్చిపోతుంది. ఇంకో మాట, రెయితాన్ అలా పడుకున్న దృశ్యాన్ని మతేయ్‌కో గీసిన చిత్రాన్ని చూసి ఆ గదిని వర్ణించకు. అది 1866లో, అంటే 93 ఏళ్ళ తర్వాత వేసింది. అక్కడ లేనివాళ్ళను కూడా చిత్రకారుడు అందులో నిలబెట్టాడు.

రష్యా సామ్రాజ్ఞి కేథరిన్ మొదటి నుంచీ పోలండ్‌ను ముక్కలు చెయ్యాలనే చూసినట్టు రాశావు. ఆలోచించు: 1764లో తన మనిషి పోనియతోవ్‌స్కీని గద్దె మీద కూర్చోబెట్టి, రాయబారి రెప్నిన్ ద్వారా మొత్తం రాజ్యాన్ని ఆడిస్తున్న ఆమెకు పంచుకోవలసిన అవసరం ఏమిటి? 1768లో తుర్కులతో యుద్ధం వచ్చింది. రష్యా గెలుస్తుంటే ఆస్ట్రియాకు భయం పట్టుకుంది. ఆ రెండూ కొట్టుకోకుండా ఉండాలంటే అందరికీ పోలండ్ నుంచే తలా కొంత ఇచ్చి సర్దుదామన్నది ఫ్రెడరిక్ బేరం. ఆస్ట్రియా అప్పటికే, 1769లో, పోలండ్ చేతిలోని స్పిష్ ప్రాంతాన్ని ఆక్రమించి దారి చూపింది. 1772 ఆగస్టు 5న మొదటి పంపకం పత్రాల మీద సంతకాలయ్యాయి. రష్యాకు సుమారు 92,000 చదరపు కిలోమీటర్లు, ఆస్ట్రియాకు 83,000, ప్రష్యాకు 36,000. వైశాల్యం చూసి ప్రష్యాకు తక్కువ దక్కిందనుకోకు. విడివిడిగా ఉన్న బ్రాండెన్‌బర్గ్, తూర్పు ప్రష్యాలు దాంతో కలిసిపోయాయి. పోలండ్ ధాన్యం సముద్రానికి చేరే విస్తులా నది మీద సుంకం వసూలు కూడా వాళ్ళ చేతికొచ్చింది. ఆస్ట్రియాకు వియెలిచ్క, బోఖ్నియా ఉప్పు గనులు దక్కాయి. నీ పాత్రల్లో ధాన్యం పడవలవాడు ఒకడుంటే ఈ పంపకం అతని బతుకులోకి ఎలా వచ్చిందో చూపించగలవు. ఇప్పుడున్న నీ పాత్రలందరూ కోటల్లోనే ఉన్నారు.

రెండో పంపకం నాకు మొదటిదానికంటే ఎక్కువ బాధ కలిగిస్తుంది. నీ ప్రణాళికలో దానికి నాలుగు పేజీలే ఉన్నాయి, ముప్పై ఇవ్వు. 1791 మే 3 రాజ్యాంగం వీటోను రద్దు చేసింది, సింహాసనాన్ని వంశపారంపర్యం చేసింది. దాన్ని చెరపడానికి కొందరు పెద్ద జమీందార్లు కేథరిన్‌ను పిలిచారు. వాళ్ళ పత్రం 1792 ఏప్రిల్‌లో పీటర్స్‌బర్గ్‌లో తయారైంది, మేలో సరిహద్దు ఊరు తర్గొవీత్సలో పుట్టినట్టు ప్రకటించారు. దాదాపు లక్షమంది రష్యన్ సైనికులు వచ్చారు. 1790లో పోలండ్‌తో రక్షణ ఒప్పందం మీద సంతకం పెట్టిన ప్రష్యా కదల్లేదు. పైగా 1793 జనవరిలో రష్యాతో కలిసి వాటా తీసుకుంది. ఈసారి ఆస్ట్రియాకు ఏమీ లేదు, దాన్ని నీ పటంలోంచి తీసెయ్యి. ఈ పంపకాన్ని ఒప్పించడానికి గ్రోద్నోలో కూర్చోబెట్టిన సెయిమ్‌ను ఆ ఏడాది సెప్టెంబరు 23 రాత్రి రష్యన్ సైన్యం చుట్టుముట్టింది. ప్రతినిధులు నోరు విప్పలేదు. మౌనం అర్ధాంగీకారమంటాం మనం, అక్కడ పూర్తి అంగీకారంగానే రాసుకున్నారు. ఆ రాత్రి సంభాషణలు వద్దు. దగ్గులు, కొవ్వొత్తులు, కుర్చీల చప్పుడు చాలు.

ఆ మరుసటి ఏడాది జరిగిన కొష్చుష్కో తిరుగుబాటు గురించి అందరూ రాశారు కాబట్టి యుద్ధాలు త్వరగా దాటేయి. కానీ 1794 మే 7న పొవనియెత్స్‌లో ఆయన రైతుల వెట్టి తగ్గిస్తూ చేసిన ప్రకటన దగ్గర ఆగు. కులీనులు జనాభాలో పదో వంతుకు మించరు. మిగతావాళ్ళలో పోలిష్ మాట్లాడని ఉక్రేనియన్, బెలారుస్ రైతులూ, లిథువేనియన్లూ, యూదులూ లక్షల్లో ఉన్నారు. ‘పోలండ్ ఏడ్చింది’ అని రాసే ముందు ఎవరు ఏడ్చారో తేల్చుకో.

తేదీల విషయంలో జాగ్రత్త. రష్యా పాత క్యాలెండర్ వాడేది కాబట్టి రష్యన్ కాగితాల తేదీలు ఆ శతాబ్దంలో 11 రోజులు వెనకుంటాయి. నీ రెండో అధ్యాయంలో ఉత్తరానికి జవాబు ముందే వచ్చినట్టు కనబడడానికి ఇదే కారణం.

కథను మిగిలిందంతా పంచేసుకున్న మూడో పంపకం, అంటే 1795 అక్టోబరు 24 దగ్గర ఆపుతున్నావు. ఇంకొంచెం ముందుకు పో. 1797 జనవరి 26న మూడు రాజ్యాలూ మళ్ళీ కూర్చుని పోలండ్ అప్పులూ, గద్దె దిగిన రాజు అప్పులూ వాటాలు వేసుకున్నాయి. ఆ రాజ్యం పేరు ఇక వాడకూడదని రహస్యంగా ఒప్పుకున్నాయి. ఒకటి కంటే ఎక్కువ రాజ్యాల్లో భూములున్నవాళ్ళు ఒక్క ప్రభువునే ఎంచుకోవాలన్నాయి. నీ కథానాయకుడి తండ్రికి రెండు వైపులా భూములున్నాయని నువ్వే రాశావు. ఆయన ఏ వైపు సంతకం పెట్టాడో, రెండో వైపు భూమిని ఏం చేశాడో రాసి పంపు.

నీ శ్రేయోభిలాషి