నాలుగు రోజుల ఇన్కా ట్రైల్‌కి టైం లేకపోతే, రెండు రోజుల షార్ట్ ట్రైల్ చేయడం దండగేనా?

ఇన్కా ట్రైల్ అంటే పెరూ కొండల్లో, ఇన్కాలు కట్టిన మాచు పిచ్చు శిథిలాలకి నడిచి వెళ్ళే పాత దారి. మీరు అడిగింది ఇదీ: సెలవు తక్కువ, నాన్నగారికి 60 దాటాయి, నాలుగు రోజుల ట్రెక్ కుదరదు. కేఎం 104 (రైలు పట్టాల మీద 104వ కిలోమీటరు) దగ్గర రైలు దిగి, ఒక రోజు నడిచి మాచు పిచ్చు చేరి, రెండో రోజు శిథిలాలు చూసే షార్ట్ ట్రైల్‌కి అంత డబ్బు పెట్టడం దండగా అని. "చేస్తే ఫుల్ ట్రైల్ చేయాలి, లేదంటే బస్సులో వెళ్ళి రావాలి" అని మీకు చాలామంది చెప్పారట. ఆ మాట నేను ఒప్పుకోను.

మాచు పిచ్చు చూడటానికి బస్సు చాలు. కొండ కింద అగ్వాస్ కాలియెంతెస్ ఊళ్ళో ఎక్కితే అరగంటలో గేటు దగ్గర దింపుతుంది. కానీ మాచు పిచ్చుకి ముందు ఈ నడక దారిలో తగిలే ఇన్కా శిథిలాల చోటు విన్యాయ్ వాయ్‌నాకి బస్సు లేదు, రైలు లేదు. నడిచినవాళ్ళకే అది దక్కుతుంది. నాలుగు రోజుల వాళ్ళకి కూడా దారిలో తగులుతుంది, కాకపోతే చివర్లో. అప్పటికి కాళ్ళు లాగేస్తుంటాయి, మర్నాడు చీకటితోనే లేచి చెక్‌పోస్టు దగ్గర క్యూ కట్టాలన్న ధ్యాసే ఉంటుంది. మనం అక్కడికి చేరేది మంచి పగటి వెలుతురులో, ఒంట్లో ఓపిక ఉండగా. నన్నడిగితే ఈ దారికి అసలు గమ్యమే విన్యాయ్ వాయ్‌నా. 1911లో హైరమ్ బింగ్హామ్ అనే అమెరికన్ అన్వేషకుడు మాచు పిచ్చు గురించి లోకానికి చెప్పాడు. ఇంత దగ్గర్లో ఉన్న ఈ చోటు గురించి బయటివాళ్ళకి తెలిసింది ఆ తర్వాత ముప్పై ఏళ్ళకి. మాచు పిచ్చు సంగతైనా, ఆ కొండ మీద చేను చేసుకుంటున్న కుటుంబాలు అప్పటికే ఉన్నాయి. బింగ్హామ్‌కి దారి చూపించింది మెల్చోర్ అర్తేగా అనే స్థానిక రైతు. అలాంటప్పుడు "కనిపెట్టాడు" అని ఇప్పటికీ రాసేవాళ్ళంటే నాకు ఒళ్ళు మండుతుంది.

నేను వెళ్ళింది మావారితో, మా అత్తమ్మతో. అత్తమ్మది అనంతపురం వైపు పల్లె. పెళ్ళయిన దగ్గర్నుంచి శెనక్కాయ చేను, బోరు, వాన కోసం ఎదురుచూపులు, అదే ఆమె జీవితం. డల్లాస్‌లో మా దగ్గరికి వచ్చినప్పుడు ఈ ప్రయాణం పెట్టుకున్నాం. ఆమెకి అమెరికా విజిట్ వీసా ఉంది, దానికి ఆరు నెలల పైనే గడువు ఉంది కాబట్టి పెరూకి వేరే వీసా అక్కర్లేకపోయింది. మీరు మాత్రం బయల్దేరే ముందు కాన్సులేట్ సైట్‌లో ఇప్పటి రూల్ చూసుకోండి.

ముందు ఎత్తు సంగతి. అందరూ ట్రైల్ మీద ఊపిరి ఆడదని భయపెడతారు. నిజానికి మనవాళ్ళు పడిపోయేది విమానం దిగే ఊరు కుస్కోలో. కుస్కో 3,400 మీటర్లు, మాచు పిచ్చు 2,430 మీటర్లు. షార్ట్ ట్రైల్‌లో మీరు ఎక్కే అత్యంత ఎత్తయిన చోటు 2,700 చిల్లర. నాలుగు రోజుల దారిలో అయితే 4,215 మీటర్ల కనుమ దాటాలి, దానికీ దీనికీ పోలికే లేదు. అయినా టూర్లు అమ్మేవాళ్ళు విమానం దిగిన రాత్రే కుస్కోలో హోటల్ వేస్తారు. మీ నాన్నగారికి ఆ పని చేయకండి. ఎయిర్‌పోర్టు నుంచి సరాసరి కిందికి, సేక్రెడ్ వ్యాలీ అనే లోయలోకి దిగిపోండి. అక్కడి ఊరు ఒయాంతాయ్‌తాంబోలో ఉంటే రైలు కూడా అక్కడే ఎక్కచ్చు. హోటల్లో కోకా ఆకుల టీ ఇస్తారు, తాగండి. ఆ టీ పొట్లాలు మాత్రం బ్యాగులో వేసుకుని అమెరికాకో ఇండియాకో తేకండి, చట్టం ఒప్పుకోదు.

ఇక నడక. మేం ఆరు నెలల ముందే పర్మిట్లు తీసుకున్నాం, గైడు లేకుండా ఈ దారిలోకి అడుగే పెట్టనివ్వరు. ఫిబ్రవరి నెలంతా మరమ్మతుల కోసం మూసేస్తారు. తెల్లవారుజాము రైలెక్కితే కేఎం 104 దగ్గర కాసేపు ఆగుతుంది. స్టేషన్ అనుకునేరు, పట్టాల పక్కన దిగడమే. ఉరుబాంబా నది మీద వేలాడే వంతెన దాటి, పాస్‌పోర్ట్ చూపించి, చచాబాంబా శిథిలాల పక్క నుంచి ఎక్కడం మొదలుపెట్టాలి. మొదటి మూడు గంటలూ కొండ వాలు మీద, చెట్టు నీడ పెద్దగా లేని ఎక్కుడు దారి. ఎండ వీపు మీద కాలుతుంది. కింద నది సన్నగా అయిపోతూ ఉంటుంది, రైలు కూత మాత్రం చాలా పైదాకా వినిపిస్తుంది. మీ నాన్నగారు ఎక్కగలరో లేదో తెలుసుకోవడానికి జిమ్ములూ యాప్‌లూ అక్కర్లేదు. అలిపిరి నుంచి తిరుమల దాకా 3,550 మెట్లు మధ్యమధ్య కూర్చుంటూ ఎక్కి, మర్నాడు మామూలుగా లేచి తిరగగలిగితే ఇది కూడా నడుస్తారు. మా అత్తమ్మ ఏటా కొండకి నడిచే వెళ్తుంది. ఆమెని చూసి భయపడింది మేమే, ఆమె కాదు.

మధ్యాహ్నానికి ఒక జలపాతం దాటాం. ఇంకొంచెం పోయాక మలుపు తిరగ్గానే విన్యాయ్ వాయ్‌నా, కొండ ఒళ్ళంతా మెట్లు. మెట్లంటే ఎక్కే మెట్లు కాదు, పొలాలు. కొండ ఎలా వంపు తిరిగితే అలా వంగిన రాతి గోడలు, ఒక్కో గోడ మీద సన్నటి పచ్చటి కయ్య, దాని పైన ఇంకో గోడ. పై భాగంలో కొన్ని ఇళ్ళు, కింది భాగంలో కొన్ని. ఆ రెంటినీ కలిపే నిట్టనిలువు మెట్ల దారి పక్కన రాతి తొట్లు. పై తొట్టిలోంచి కింది తొట్టికి నీళ్ళు దిగే ఏర్పాటు.

అత్తమ్మ ఫోటోకి నిలబడలేదు. గోడ దగ్గరికెళ్ళి వంగి చూసి, "మల్ల వాన పడితే ఈ నీళ్ళన్నీ యాడికి పోతాయి? గోడలు తోసెయ్యవా?" అంది. నేను ఇంగ్లీషులో గైడుకి చెప్పాను. అతను ఆ లోయలోనే ఒక క్వెచువా (అక్కడి మూలవాసుల) రైతు ఇంట పుట్టినవాడు. అంతవరకూ రాజుల పేర్లు, సూర్యుడు, నక్షత్రాలు అంటూ చెప్పిన మనిషి ఆ ప్రశ్న వినగానే బ్యాగు కింద పెట్టేశాడు. శిథిలాల రాళ్ళేవీ ముట్టుకోకుండా దారి పక్కన కింద కూర్చుని గులకరాళ్ళు ఏరి ఒక కుప్ప పోశాడు. దాని మీద చిన్న కంకర, దాని మీద ఇసక, అన్నింటికీ పైన గుప్పెడు నల్లమన్ను పరిచి చేత్తో అదిమాడు. తన సీసాలో నీళ్ళు మెల్లగా పైన పోశాడు. మన్ను తడిసింది, అక్కడే ఉంది. కాసేపటికి అడుగున గులకరాళ్ళ సందుల్లోంచి నీళ్ళు తేటగా బయటికి పాకాయి. ప్రతి గోడ వెనకా లోపల ఇదే వరస అన్నాడు. గోడలు కూడా కొండ వైపుకి కొద్దిగా వాల్చి కట్టారని, అరచేతిని వెనక్కి వంచి చూపించాడు.

అత్తమ్మ చాలాసేపు ఆ చిన్న కుప్పనే చూస్తూ కూర్చుంది. తర్వాత నాతో, "మన చేన్లో ఒక్క జడివానకే గట్టు తెగి మన్నంతా వంకలో కలుస్తాది పాపా. వీళ్ళకి మన్ను విలువ తెలుసు" అంది. 15వ శతాబ్దంలో, ఇనప పనిముట్టు లేకుండా, బండి చక్రం వాడకుండా కట్టిన గోడల గురించి అంతకన్నా మంచి మాట నేనెక్కడా చదవలేదు. సాధారణంగా వినేదంతా రాళ్ళ మధ్య కాగితం దూరదు, గ్రహాంతరవాసులు కట్టారు అన్న కబుర్లే. కాగితం దూరకపోవడం గుళ్ళకీ రాజుల ఇళ్ళకీ. ఈ పొలం గోడలు మామూలు రాళ్ళవి, పేర్చిన తీరులోనే ఉంది అంతా. గ్రహాంతరవాసుల వీడియోలు చూసి వెళ్ళేవాళ్ళకి గోడ వెనక ఉన్న కంకర ఎప్పటికీ కనపడదు.

అప్పుడే అత్తమ్మ సంచిలోంచి వేయించిన శెనక్కాయలు తీసింది. ఒయాంతాయ్‌తాంబో మార్కెట్లో గింజ గింజా చూసి కొన్నవి. గైడుకి పెడితే, ఇవి మా వైపు పంటే కదా అన్నాడు. నేను చెప్పగానే అత్తమ్మ ఊరుకోలేదు: "మా తాతల కాలం నుంచి వేస్తున్నాం, వీళ్ళదెట్లా అయితాది?" అంది. అతను చెప్పిందే నిజం. వేరుశనగ పుట్టిల్లు దక్షిణ అమెరికా, సముద్రాలు దాటి మన దాకా వచ్చింది. బంగాళాదుంపా అంతే, మిరపకాయ కూడా అమెరికా ఖండాల నుంచి వచ్చిందే. అది విన్నాక ఆమె అతన్ని అడిగిన ప్రశ్నలకి అంతులేదు. ఎప్పుడు విత్తుతారు, ఎలుకలు పడతాయా, ఎకరాకి ఎన్ని మూటలు. అతను సగానికి జవాబు చెప్పాడు, మిగతా సగం అతను ఎదురడిగాడు. మేం ఇద్దరం మధ్యలో అనువాదానికే సరిపోయాం.

ఇక్కడే ఇంకో సంగతి చెప్పాలి. మేం అక్కడ కూర్చున్నంతసేపట్లో మా వెనక వచ్చిన ఒక గుంపు ఇలా వచ్చి అలా వెళ్ళిపోయింది. వాళ్ళ గైడు గడియారం చూపిస్తూ తరుముతున్నాడు, సాయంత్రం ఆఖరి బస్సు దాటిపోతుందని. తప్పు అతనిదని అనను. పొద్దున ఆలస్యంగా రైలెక్కించి, ఎక్కువమందిని ఒక్కడికి అప్పగించిన కంపెనీది. డబ్బు కట్టే ముందు అడగండి: మొదటి రైలేనా, గైడుకి ఎంతమంది, విన్యాయ్ వాయ్‌నాలో ఎంతసేపు ఆగనిస్తారు. గంటకి తగ్గితే ఇంకొకర్ని చూసుకోండి.

"ఫుల్ ట్రైల్ చేయనిది ఏం ట్రెక్" అనేవాళ్ళకి ఒక మాట. మీ టెంటు, గ్యాసు, గుడ్ల అట్టలు, మీ దుప్పట్లు మోసింది పోర్టర్లు. ఒక్కొక్కరి మీద 20 కిలోలకి మించకూడదని 2000 దాటాక గాని చట్టం రాలేదు, అంతకుముందు ఎంత పడితే అంత మోయించారు. షార్ట్ ట్రైల్‌లో రాత్రి హోటల్లోనే, టెంట్ల గొడవ లేదు. మన నీళ్ళు, మన వానకోటు, మన తిండి మన వీపు మీదే. అత్తమ్మ తన సంచి మాకు కూడా ఇవ్వలేదు.

విన్యాయ్ వాయ్‌నా తర్వాత దారి దాదాపు చదును. మబ్బు అడవిలోంచి, నాచు పట్టిన చెట్ల కింద, నీడగా ఉంటుంది. చివర్లో ఒకచోట మాత్రం చేతులూ కాళ్ళూ రెండూ ఆనించి ఎక్కే నిట్టనిలువు మెట్లు వస్తాయి. మీ నాన్నగారి వెనక మీరు ఎక్కండి, ముందు కాదు. అవి దాటితే ఇంతి పుంకు అనే రాతి ద్వారం. అక్కడ నుంచి మాచు పిచ్చు కింద కనిపిస్తుంది. బాగుంటుంది, దాని ఫోటోలు మీరు చూసే ఉంటారు, నేను వర్ణించను. అక్కడి నుంచి ముప్పావుగంట దిగుడు, బస్సెక్కి ఊళ్ళోకి. రెండో రోజు మళ్ళీ బస్సులో పైకి వెళ్ళి గైడుతో నిదానంగా తిరిగాం. 2024 నుంచి లోపల నడిచే దారుల, అంటే సర్క్యూట్‌ల పద్ధతి మారింది, వెనక్కి తిరిగి రానివ్వరు. మీ రెండో రోజు టికెట్ ఏ సర్క్యూట్‌దో బుక్ చేసేటప్పుడే అడగండి. లోపల టాయిలెట్లు లేవు, గేటు బయటే. చిన్న చిన్న దోమల్లాంటి పురుగులు చీలమండల మీద కుడతాయి, వారం దాకా దురద పోదు. నిండుగా ప్యాంటు వేయించండి. చేతికర్రకి రబ్బరు తొడుగు లేకపోతే చెక్‌పోస్టు దగ్గరే ఆపేస్తారు.

శాకాహారం సంగతి కూడా చాలామంది అడుగుతారు. బంగాళాదుంపలు, కీన్వా సూపు, పెద్ద గింజల మొక్కజొన్న కంకి, ఉప్పటి చీజు, ఎక్కడైనా దొరుకుతాయి. కారప్పొడి ఒక్కటి తీసుకెళ్ళండి చాలు. సూట్‌కేసు నిండా రెడీమేడ్ ఉప్మా ప్యాకెట్లు మోసుకెళ్ళే వాళ్ళు అక్కడి దుంపల రకాలు రుచి చూడకుండానే వచ్చేస్తారు.

ఒక్క విషయం మాత్రం నాన్నగారితో ముందే కూర్చుని మాట్లాడండి. ఈ దారిలో మధ్యలో రోడ్డు ఎక్కడా తగలదు. వంతెన దాటి రెండు మూడు గంటలు ఎక్కాక మోకాలు పట్టేస్తే, దిగి మళ్ళీ పట్టాల దగ్గరికి రావాలి, లేదా మాచు పిచ్చు దాకా నడవాలి. మోకాళ్ళు బాగుంటే సందేహమే వద్దు, మే నుంచి సెప్టెంబర్ లోపు తేదీ చూసి పర్మిట్ తీసుకోండి.