గుమస్తా వేషాలే వస్తున్నాయంటే...

ప్రశ్న: మా అబ్బాయి బ్యాంకులో పనిచేస్తూ పరిషత్తు నాటకాలు ఆడుతుంటాడు. ఎప్పుడూ గుమస్తా, పనివాడు వేషాలే. ఉద్యోగం మానేసి హైదరాబాదు వెళ్లి సినిమాల్లో ప్రయత్నిస్తానంటున్నాడు. నాకు ఒకటే టెన్షన్. మీరు బెంగాలీ సినిమాల గురించి తరచూ రాస్తారు కదా, అక్కడ ఇలాంటి వేషాలతో పేరు తెచ్చుకున్నవాళ్లు ఉన్నారా?
– ఓ తల్లి, ఆమదాలవలస

జవాబు: ఉన్నారమ్మా. నాకు ప్రాణమైన నటుడు తులసీ చక్రవర్తి అలాంటివారే. మా నాన్నగారు ఖరగ్‌పూర్ రైల్వేలో పనిచేయడం వల్ల చిన్నప్పటి నుంచే ఆయన సినిమాలు చూశాను. 1955 నాటి ‘పథేర్ పాంచాలి’లో ఊరి బడిపంతులు ఆయనే. ఆ పంతులుకి కిరాణా కొట్టు కూడా ఉంది. బడీ కొట్టూ ఒక్కచోటే. పిల్లలకి పాఠం చెబుతూనే సరుకు తూచి ఇస్తాడు, వచ్చినవాళ్లతో కబుర్లాడతాడు, మధ్యలో బెత్తం అందుకుంటాడు. పాఠం నుంచి బేరానికి, బేరం నుంచి అదిలింపుకి ఆ గొంతు మారే తీరు చూడమనండి మీ అబ్బాయిని. తెరమీద ఉండేది కొద్ది నిమిషాలే, కానీ ఆ ఊళ్లో పుట్టి పెరిగిన మనిషిలాగే ఉంటాడు.

ఆయన కలకత్తా స్టార్ థియేటర్లో నాటకాలాడి సినిమాలకి వచ్చారు. వందలాది చిత్రాల్లో వేసినవన్నీ దాదాపు చిన్న వేషాలే. 1953లో ‘షాఢే చువాత్తర్’లో ఉత్తమ్ కుమార్, సుచిత్రా సేన్ తొలిసారి జంటగా నటించారు. అయినా సినిమాని మోసింది మాత్రం మెస్ యజమానిగా తులసీ, ఆయన భార్యగా మొలినా దేవి. 1899లో పుట్టిన మనిషికి అరవయ్యో పడికి దగ్గరపడ్డాక, 1958లో సత్యజిత్ రాయ్ ‘పరశ్ పాథర్’లో ప్రధాన పాత్ర ఇచ్చారు. ఇనుముని బంగారం చేసే రాయి దొరికిన మనిషి పాత్ర. అతనూ గుమస్తానే!

ఇక డబ్బు సంగతి దాచకుండా చెప్పాలి. అంత నటుడూ లేమిలోనే బతికి, 1961లో పోయారు. తలుచుకుంటే నాకిప్పటికీ బాధే. అందుకే ఉద్యోగం మానొద్దని గట్టిగా చెబుతున్నాను. రాయ్ సినిమా ‘సోనార్ కెల్లా’లో జటాయు అనే కలంపేరున్న నవలా రచయితగా బెంగాల్‌ని నవ్వించిన సంతోష్ దత్తా వృత్తికి లాయరు. అంత దూరమెందుకు, మన జె.వి. సోమయాజులు గారు డిప్యూటీ కలెక్టరుగా ఉంటూనే ‘కన్యాశుల్కం’లో రామప్పంతులు వేషం కట్టేవారు. ‘శంకరాభరణం’ వచ్చింది 1980లో.

ఈసారి కూడా గుమస్తా వేషమే ఇస్తే ఒప్పుకోమనండి. ఆ గుమస్తా ఇల్లెక్కడ, నెలాఖరున చేబదులు ఎవరిని అడుగుతాడు, అధికారి పిలిస్తే ముందు చేతిలో కాగితం సర్దుకుంటాడా, భుజం మీద కండువానా... ఇవన్నీ ఆలోచించుకుని స్టేజీ ఎక్కమనండి.

ప్రశ్న: బెంగాలీ రాకపోయినా ఈ సినిమాలు అర్థమవుతాయా?
– ఓ పాఠకుడు, బొబ్బిలి

జవాబు: నిక్షేపంగా. ‘పరశ్ పాథర్’తో మొదలుపెట్టండి. అందులో పెద్దమనుషుల పార్టీకి వెళ్లి గుమస్తాగారు తాగేసే ఘట్టం ఉంది. దానికి భాషతో పనిలేదు.