పాఠకుల సందేహాలు: ఎడారి దాటించిన ఆన్సా

ప్రశ్న: స్పెయిన్ సైనికాధికారి హువాన్ బౌతిస్తా దె ఆన్సా 1775లో దాదాపు 240 మందిని ఎడారి మీదుగా కాలిఫోర్నియాకు తీసుకెళ్లాడట. పక్కనే సముద్రం ఉండగా ఓడల్లో ఎందుకు పంపలేదు? అంతమందికీ నీళ్లెలా సరిపోయాయి? ఆ తర్వాత ఆయన ఏమయ్యాడు?
- ఒక పాఠకురాలు, పెదవాల్తేరు, విశాఖపట్నం

జవాబు: రేవు పట్నంలో ఉన్నవారికి ఈ సందేహం సహజమే. మెక్సికో పడమటి తీరంలోని సాన్ బ్లాస్ రేవు నుంచి ఓడలు వెళ్లేవి. కానీ అవి చిన్నవి, పైగా ఉత్తరానికి వెళ్లాలంటే గాలీ ప్రవాహమూ రెండూ ఎదురే. కుటుంబాలనూ పశువులనూ వాటిలో తరలించడం కుదిరేపని కాదు. అందుకే ఆన్సా ముందు 1774లో కొద్దిమంది సైనికులతో వెళ్లి దారి చూసి వచ్చాడు.

రెండోసారి 1775 అక్టోబరు 23న, ఇప్పటి అరిజోనాలో ఉన్న టుబాక్ నుంచి బయల్దేరాడు. వెంట ఆడవాళ్లు, పిల్లలు, వెయ్యి దాకా పశువులు. అసలు గండం కొలరాడో నది దాటాక ఉంది. అక్కడి బావులంటే మన ఏటి ఇసుకలో తీసే చెలమల్లాంటివే. తోడాక మళ్లీ ఊరడానికి గంటలు పడుతుంది. అందరూ ఒకేసారి చేరితే వెనకవాళ్లకు బురదే మిగులుతుంది. అందుకని డిసెంబరులో జనాన్ని మూడు జట్లు చేసి, జట్టుకూ జట్టుకూ ఒక రోజు ఎడం పెట్టాడు. పశువుల మందను వేరే తోలించాడు. అయినా చలికీ దాహానికీ చాలా పశువులు చచ్చాయి. మనుషుల్లో మాత్రం దారిలో పోయింది ఒక్కరే, మొదటి రాత్రి కాన్పులో ఒక తల్లి. ఆ కాలానికి ఇది అసామాన్యం. 1776 మార్చి 10న కాలిఫోర్నియా తీరంలోని మాంటెరీ చేరారు. ఆ నెలలోనే ఆయన శాన్‌ఫ్రాన్సిస్కో కోటకు స్థలం గుర్తించాడు.

నీళ్ల లెక్క ఎంత ముఖ్యమో, కొలరాడో నది రేవు దగ్గర ఉండే స్థానిక తెగ క్వెచాన్ల స్నేహమూ అంతే ముఖ్యం. వాళ్ల నాయకుడు పాల్మా సాయం లేకుండా ఆ నది దాటడం కష్టం. తర్వాత వచ్చిన స్పానిష్ వలసదారుల పశువులు వాళ్ల పంటలు తినేశాయి. ఇస్తామన్న కానుకలూ సరిగా అందలేదు. 1781 జూలైలో క్వెచాన్లు తిరగబడ్డారు, దారి మూతపడింది.

ఆన్సా అప్పటికే న్యూ మెక్సికో గవర్నరు. 1779లో అక్కడి మరో స్థానిక తెగ కొమాంచీల నాయకుడు క్వెర్నో వెర్దె మీదికి మామూలు దారి వదిలి, కొండల పడమటి వైపు నుంచి చుట్టి వెళ్లాడు. ఆ పోరులో క్వెర్నో వెర్దె చనిపోయాడు. కానీ కొమాంచీలతో సంధి కుదిరింది 1786లోనే. ఆ ఏడేళ్ల ఓపిక యుద్ధం కంటే పెద్ద పని అని మా అభిప్రాయం. 1788లో, 52వ ఏట, మెక్సికోలోని అరిస్పేలో ఆన్సా మరణించాడు.