ఫైల్ అక్కడే ఉంది సార్, అయినా లేదంటోంది!

ఈసారి వచ్చిన ప్రశ్నలు చాలావరకు ఒకే బాపతు. సీ షార్ప్‌లోనో కోట్లిన్‌లోనో హాయిగా రాసుకుంటున్నవాళ్లు, ఇంకెవరో సీ ప్లస్ ప్లస్‌లో చేసిన డీఎల్ఎల్‌నో ఎస్ఓ ఫైల్‌నో (విండోస్‌లో డీఎల్ఎల్, ఆండ్రాయిడ్‌లో ఎస్ఓ, రెండూ ముందే కంపైల్ చేసి ఇచ్చిన కోడ్ ఫైళ్లే) కలపబోయి ఇరుక్కున్నవి. అందుకే అన్నీ ఒకచోట పెట్టేశాం.

ప్రశ్న: సార్, రైస్ మిల్లులో వేబ్రిడ్జి సాఫ్ట్‌వేర్ చేశాను, సీ షార్ప్, పాత డాట్‌నెట్ ఫ్రేమ్‌వర్క్. కాటా మిషన్ ఇచ్చినవాళ్లే బరువు చదవడానికి ఒక డీఎల్ఎల్ ఇచ్చారు. నా ల్యాప్‌టాప్‌లో బానే నడుస్తోంది, మిల్లులో కొత్త పీసీలో మాత్రం "అన్‌ఏబుల్ టు లోడ్ డీఎల్ఎల్" అంటోంది. ఫైల్ ఫోల్డర్‌లోనే ఉంది, కళ్లతో చూస్తున్నా. సిస్టమ్32లో కూడా వేశా, రెగ్‌ఎస్‌వీఆర్32 కూడా కొట్టా, లాభం లేదు. (మిర్యాలగూడ నుంచి ఒక పాఠకుడు)

జవాబు: ముందు ఆ సిస్టమ్32లో వేసింది తీసెయ్యండి. రెగ్‌ఎస్‌వీఆర్32 అనే కమాండ్ కామ్ డీఎల్ఎల్‌లకి (విండోస్‌లో రిజిస్టర్ చేసి వాడే రకం) మాత్రమే, మామూలు ఫంక్షన్లున్న డీఎల్ఎల్ మీద ఎన్నిసార్లు కొట్టినా ఏమీ జరగదు.

అసలు విషయం ఏంటంటే, మీ డీఎల్ఎల్ దొరికింది, అది లోడ్ అవ్వడానికి కావాల్సిన ఇంకో డీఎల్ఎల్ దొరకలేదు. కానీ పాత ఫ్రేమ్‌వర్క్ చెప్పేది మీ ఫైల్ పేరే, పెళ్లికొడుకు వచ్చి కూర్చున్నా బాజాలవాళ్లు రాలేదని పెళ్లికొడుకే రాలేదన్నట్టు. డాట్‌నెట్ కోర్ తర్వాత వచ్చినవాటిలో అయితే "లేదా దాని డిపెండెన్సీల్లో ఒకటి" అని ఒక ముక్క చేర్చారు, కొంత నయం.

ఎక్కువసార్లు లేనిది విజువల్ సీ ప్లస్ ప్లస్ రన్‌టైమ్, అంటే సీ ప్లస్ ప్లస్‌లో చేసినవి నడవడానికి కావాల్సిన వీసీరన్‌టైమ్140, ఎంఎస్‌వీసీపీ140 అనే ఫైళ్లు. మైక్రోసాఫ్ట్ సైట్ నుంచి వాటి ఇన్‌స్టాలర్, అంటే రీడిస్ట్రిబ్యూటబుల్ వేస్తే చాలు, కానీ అక్కడే ఒక తిరకాసు ఉంది, విండోస్ 64 బిట్ కదా అని అందరూ ఎక్స్64ది (64 బిట్‌ది) వేసేస్తారు. మీ డీఎల్ఎల్ 32 బిట్‌ది అయితే దానికి ఎక్స్86 (32 బిట్) రీడిస్ట్రిబ్యూటబులే కావాలి. దయచేసి "ఫ్రీ డీఎల్ఎల్ డౌన్‌లోడ్" సైట్ల జోలికి మాత్రం పోకండి, అందులో ఏం కలిపి ఇస్తారో వాళ్లకే తెలియాలి.

అదీ వేశాక మళ్లీ అదే ఎర్రర్ వస్తే, డిపెండెన్సీస్ అనే ఉచిత టూల్‌లో మీ డీఎల్ఎల్ తెరవండి, దొరకనివి అందులో కనిపిస్తాయి. వీసీరన్‌టైమ్140డీ అని చివర 'డీ' ఉన్న పేరు కనపడిందంటే మీ తప్పేం లేదు, డీఎల్ఎల్ ఇచ్చినవాళ్లు డీబగ్ బిల్డ్ (తప్పులు వెతుక్కోవడానికి తమకోసం చేసుకునేది) పంపారన్నమాట. ఆ డీ ఫైళ్లు విజువల్ స్టూడియోతో వస్తాయి, రీడిస్ట్రిబ్యూటబుల్‌లో ఉండవు, అందుకే మీ ల్యాప్‌టాప్‌లో నడిచింది. రిలీజ్ బిల్డ్ పంపమని గట్టిగా అడగండి.

ఇదయ్యాక "బ్యాడ్ ఇమేజ్ ఫార్మాట్" వస్తే కంగారు పడకండి, మీ ప్రోగ్రామ్ 64లో, డీఎల్ఎల్ 32లో ఉన్నాయి, ఒకే ప్రాసెస్‌లో ఆ రెండూ కలవవు. ప్రాజెక్ట్ ప్రాపర్టీస్‌లో ప్లాట్‌ఫామ్ టార్గెట్ ఎక్స్86 పెట్టండి. అన్నట్టు 64 బిట్ విండోస్‌లో సిస్టమ్32లో ఉండేవి 64 బిట్ ఫైళ్లు, సిస్‌వావ్64లో ఉండేవి 32 బిట్‌వి. ఆ పేర్లు పెట్టినవాళ్లని ఏమనాలో మీరే చెప్పండి.

ప్రశ్న: మేడ్చల్‌లో మా షాపు బిల్లింగ్‌కి ప్రింటర్ డీఎల్ఎల్ వాడుతున్నాం. ఇంగ్లిష్ పేర్లు చక్కగా వస్తాయి, కస్టమర్ పేరు తెలుగులో కొడితే అన్నీ ప్రశ్నార్థకాలే. (ఒక పాఠకురాలు)

జవాబు: సీ షార్ప్‌లో డీఎల్ఎల్ ఫంక్షన్‌ని పిలవడానికి డీఎల్ఎల్ఇంపోర్ట్ రాసేటప్పుడు క్యార్‌సెట్ (అక్షరాల పద్ధతి) ఏంటో చెప్పకపోతే అది ఆన్సీ అనుకుంటుందమ్మా. ఆన్సీ అంటే ఆ పీసీ కోడ్‌పేజీ, మామూలుగా మన పీసీల్లో 1252 ఉంటుంది, అందులో తెలుగు లేదు. అసలు విండోస్‌లో తెలుగుకి ఆన్సీ కోడ్‌పేజీయే లేదు, మనది మొదట్నుంచీ యూనికోడ్‌లోనే ఉంది. అంటే మీ పేరు డీఎల్ఎల్ దాకా వెళ్లకముందే, గట్టు దాటేటప్పుడే '?' అయిపోతోంది, పాపం ప్రింటర్‌కి సంబంధమే లేదు.

డీఎల్ఎల్‌తో ఇచ్చిన హెడర్ ఫైల్ చూడండి. ఫంక్షన్ డబ్ల్యూక్యార్ (యూనికోడ్ అక్షరం) తీసుకుంటే క్యార్‌సెట్ యూనికోడ్ అని రాయండి. మామూలు క్యార్ తీసుకుని యూటీఎఫ్-8 అని డాక్యుమెంట్‌లో ఉంటే ఆ స్ట్రింగ్‌కి ఎల్‌పీయూటీఎఫ్8స్టర్ అని మార్షల్ (అవతలికి ఏ రూపంలో పంపాలో చెప్పేది) పెట్టండి. ఈ రెండో దాంట్లో సైజు దగ్గర జాగ్రత్త, 'సత్యనారాయణ' కంటికి ఆరు అక్షరాలే గానీ ఒత్తులూ గుణింతాలూ విడదీస్తే యూనికోడ్‌లో 10, ఒక్కోటి మూడు బైట్ల చొప్పున యూటీఎఫ్-8లో 30, చివరి సున్నాతో 31. అవతల 20 బైట్ల బఫర్ పెట్టుకుని లెక్క చూసుకోకుండా కాపీ చేస్తే పక్కనున్న మెమరీ మీద రాసేస్తుంది.

డీఎల్ఎల్ ఆన్సీ ఒక్కటే తీసుకుంటుంది అనుకోండి, లేదా ప్రింటర్‌లో తెలుగు ఫాంటే లేదు అనుకోండి (చిన్న థర్మల్ ప్రింటర్లలో మామూలే), అప్పుడు ఆ లైన్‌ని మీరే బిట్‌మ్యాప్‌గా గీసి బొమ్మగా పంపండి. కొంచెం నెమ్మది, కానీ ఒత్తులు కూడా సరిగ్గా పడతాయి.

ప్రశ్న: అన్నా, డివైస్ డీఎల్ఎల్‌కి కాల్‌బ్యాక్ ఇచ్చాను. డీబగ్‌లో ఓకే, రిలీజ్‌లో కాసేపు నడిచి యాప్ మొత్తం మాయం. ట్రై-క్యాచ్ కూడా పట్టుకోవట్లేదు. (బీటెక్ స్టూడెంట్, కాకినాడ)

జవాబు: కాల్‌బ్యాక్ అంటే డివైస్ తిరిగి పిలవాల్సిన నీ ఫంక్షన్, సీ షార్ప్‌లో దాన్ని డెలిగేట్‌గా పంపుతావు. ఆ డెలిగేట్‌ని ఫంక్షన్‌లోనే సృష్టించి అక్కడికక్కడే పంపేశావు కదా తమ్ముడూ? నీ సీ షార్ప్ కోడ్‌లో దాన్ని ఇంకెవరూ పట్టుకుని లేరు, అవతల సీ ప్లస్ ప్లస్ దాని అడ్రస్ దాచుకుందని గార్బేజ్ కలెక్టర్‌కి (వాడని మెమరీని ఖాళీ చేసేది) తెలీదు, పనికిరానిదనుకుని ఊడ్చేసింది. తర్వాత డివైస్ ఆ అడ్రస్‌కి ఫోన్ చేస్తే అక్కడ ఎవరూ లేరు. డీబగ్‌లో లోకల్ వేరియబుల్స్ ఫంక్షన్ అయ్యేదాకా బతికుంటాయి, అందుకే అక్కడ బయటపడలేదు. డెలిగేట్‌ని ఒక స్టాటిక్ ఫీల్డ్‌లో పెట్టుకుని అదే పంపు, డివైస్ క్లోజ్ చేసేదాకా వదలకు. ట్రై-క్యాచ్ మీద ఆశ పెట్టుకోకు, నేటివ్ వైపు మెమరీ తప్పిందంటే ప్రాసెసే పోతుంది.

ప్రశ్న: నా యాప్ మొత్తం కోట్లిన్, ఒక్క లైను సీ ప్లస్ ప్లస్ రాయలేదు. ప్లే కన్సోల్ మాత్రం 16 కేబీ పేజ్ సైజ్ సపోర్ట్ లేదంటోంది! (బెంగళూరు)

జవాబు: మీరు రాయలేదు, మీరు కలుపుకున్న లైబ్రరీ రాసింది. ఆండ్రాయిడ్ స్టూడియోలో ఏపీకే అనలైజర్ తెరిచి లిబ్ ఫోల్డర్‌లోకి వెళ్లండి, ఫొటో ఎడిటింగ్‌దో పీడీఎఫ్‌దో డేటాబేస్‌దో ఎస్ఓ ఫైల్ కనపడుతుంది. ఫోన్ మెమరీని పేజీలనే ముక్కలుగా పంచుతుంది, ఇదివరకు ఒక్కో పేజీ 4 కేబీ ఉండేది, ఆండ్రాయిడ్ 15 నుంచి 16 కేబీ పేజీలున్న ఫోన్లకి సపోర్ట్ వచ్చింది, పాత పద్ధతిలో సర్దిన ఎస్ఓ వాటిలో లోడ్ అవ్వకపోవచ్చు. 2025 నవంబర్ 1 నుంచి ఆండ్రాయిడ్ 15, ఆ పైవాటికి టార్గెట్ చేసే కొత్త యాప్‌లకీ అప్‌డేట్‌లకీ ప్లే స్టోర్ దీన్ని తప్పనిసరి చేసింది. ఇది 64 బిట్ ఫైళ్లకే వర్తిస్తుంది, కాబట్టి ఆర్మ్64-వీ8ఏ ఫోల్డర్ చూస్తే దాదాపు సరిపోతుంది. అలైన్‌మెంట్ కాలమ్‌లో ఏ ఫైల్‌కి 4 కేబీ అని ఉందో ఆ లైబ్రరీ కొత్త వెర్షన్ వేయండి. సోర్స్ మీ దగ్గరే ఉంటే ఎన్‌డీకే (ఆండ్రాయిడ్‌లో సీ ప్లస్ ప్లస్ కంపైల్ చేసే కిట్) ఆర్28తో మళ్లీ బిల్డ్ చేస్తే 16 కేబీకి అదే సర్దుతుంది. లైబ్రరీ ఏళ్లుగా అప్‌డేట్ లేకుండా పడి ఉంటే మాత్రం ఇంకోటి వెతుక్కోండి, సోర్స్ ఉన్నవాళ్లు తప్ప ఆ ఫైల్‌ని ఎవరూ మళ్లీ కంపైల్ చేసి ఇవ్వలేరు.