చెల్లి సంతకం గురించి అల్లుడికి

చిరంజీవి మేనల్లుడికి మామ ఆశీస్సులు.

"చెల్లి సంతకం పెట్టేస్తది గదా మామా, విడుదల దస్తావేజు ఒకటి రాసిపెట్టు" అన్నావు నిన్న ఫోన్లో. అంటే పోయిన మీ నాయన ఆస్తిలో తన వాటా వదులుకున్నానని చెల్లి రాసిచ్చే కాగితం. ముప్పై ఏళ్లు నెల్లూరులో రిజిస్ట్రారాఫీసు ముందు కూర్చుని దస్తావేజులు రాసినోణ్ని, నాకది పది నిమిషాల పని. అయినా రాయను.

ముందు లెక్క చూడు. బుచ్చిరెడ్డిపాళెం దగ్గర 4 ఎకరాల మాగాణి మీ నాయనకు అన్నదమ్ముల పారీఖత్తులో, అంటే భాగాల దస్తావేజులో, వచ్చిన తాతల ఆస్తి. దాంట్లో మీ ముగ్గురికీ, అంటే మీ అన్నకూ నీకూ చెల్లికీ, పుట్టుకతోనే హక్కుంది. 2005 సెప్టెంబరు 9 నుంచి కూతురు కొడుకుతో సమానం. పెళ్లికి కట్నం ఇచ్చాం గదా అంటావేమో, ఇచ్చిన కట్నంతో వాటా పోదు. మీ నాయనతో కలిపి నాలుగు భాగాలు. ఆయన భాగం మళ్లీ మీ అమ్మకూ మీ ముగ్గురికీ. అంటే మీకు తలా ఎకరా 25 సెంట్లు, మీ అమ్మకు 25 సెంట్లు. ఫోన్లో మీ అమ్మ మాటే రాలా, గమనించావా? ఇల్లు మీ నాయన సొంత సంపాదన. వీలునామా లేదు కాబట్టి నలుగురికీ సమానం, 40 అంకణాల్లో తలా 10. అంకణమంటే మనకు 72 చదరపు అడుగులు, తిరుపతిలో 36. చెల్లి మొగుడిది ఆ పక్కే గదా, కాగితంలో అడుగులే రాయించు.

పాస్‌పుస్తకం మీ అన్న పేరున వచ్చిందని దిగులు పడబాక. అది రెవెన్యూ లెక్క. దాంతోనే భూమంతా ఆయనదైపోదు.

ఇక నా సంగతి. 1994లో మా నాయన పెద్దకర్మ అయిన రెండోరోజు మీ అమ్మను ఆటోలో రిజిస్ట్రారాఫీసుకు తీసుకుపోయి విడుదల దస్తావేజు మీద సంతకం పెట్టించింది నేనే. మన రాష్ట్రంలో 1985 సెప్టెంబరు 5 నాటికి పెళ్లికాని ఆడపిల్లకు అప్పటికే వాటా ఉంది. మీ అమ్మ పెళ్లి 1988లో. ఆ సంగతి నాకు తెలుసు, ఆమెకు తెలియదు. ఒక పట్టుచీర పెట్టాం. నోరెత్తలా. ఆ తర్వాత ఎన్నిసార్లు మా ఇంటికొచ్చినా మంచినీళ్లు తాగి పోతది, ఒక్కపూట అన్నం తినలా.

అందుకని, చెల్లికి నువ్వే ఫోన్ చేసి ఆమె వాటా ఎంతో అంకెల్లో చెప్పు. చెప్పాక కూడా వద్దంటే అప్పుడు రాస్తా. డబ్బు తీసుకుంటానంటే బ్యాంకు చెక్కుతో ఇయ్యి, ఆ నంబరు దస్తావేజులో ఎక్కిస్తా.

పంచేటప్పుడు సెంట్లు ఒక్కటే చూడబాక. కాలవ పక్క కయ్యా, నీళ్లు చివరన అందే కయ్యా ఒకటి కాదు. మండల సర్వేయరుతో కొలిపించి, పెద్దోడు భాగాలు వేస్తే చిన్నోళ్లు ముందు కోరుకోండి. పాత పద్ధతే, ఇంతకంటే మంచిది నేను చూడలా. సర్వే నంబర్లన్నిటికీ ఈసీ, అంటే రిజిస్టరైన అమ్మకాలు, తాకట్లు చూపే కాగితం, తీయించు, మీ నాయన తాకట్టు ఏమన్నా పెట్టాడేమో బయటపడుద్ది.

మీ అన్న మొండికేస్తే భాగాల దావా ఎటూ ఉంది. ముందు ఎవరి వాటా ఎంతో తేల్చే ప్రాథమిక డిక్రీ, తర్వాత కమిషనరు పొలం కొలవడం, ఆఖరుకి ఎవరి భూమి ఏదో తేల్చే తుది డిక్రీ. ఆ లోపల నీ పిల్లలు పెళ్లిళ్లకొస్తారు. దావా వేసినా లోక్ అదాలత్‌లో రాజీ పడొచ్చు, కోర్టు ఫీజు వెనక్కి ఇస్తారు, దాని మీద అప్పీలు లేదు.

పారీఖత్తు మాత్రం నేనే రాస్తా, కూలి తీసుకోను. వచ్చేటప్పుడు మీ అమ్మనూ తీసుకురా, ఆమె సంతకం కూడా కావాల. మీ అత్తతో ఆమెకు ఇష్టమైన చేపల పులుసు పెట్టిస్తా.

మీ మామ