సైన్ మనదా, గ్రీకులదా? తిరుపతి ఎండలో కొలిచి చూపించే పద్ధతి

మీరు అడిగింది ఇదీ: మీ పాప పదో తరగతి ప్రాజెక్టుకి "త్రికోణమితిలో సైన్ ఎక్కణ్ణించి వచ్చింది" అన్న అంశం తీసుకుంది. ఇంట్లో తాతగారు ఆర్యభటుడిదంటున్నారు, ట్యూషన్ సారు గ్రీకులదంటున్నారు. ఏది రాయాలి, తిరుపతిలో చేసి చూపించడానికి ఏమైనా ఉందా?

ఏదో ఒక పేరే రాయించకండి. మొదలు గ్రీకులది. ఇప్పుడు క్లాసులో వాడే రూపం మనది. పేరేమో అరబ్బుల చేతిలో మారి లాటిన్‌లోకి పోయింది.

గ్రీకులు వృత్తంలో పూర్తి జ్యాకి, అంటే వృత్తం మీది రెండు చుక్కల్ని కలిపే గీతకి, పట్టికలు వేశారు. 2వ శతాబ్దపు ఖగోళ శాస్త్రజ్ఞుడు టాలెమీ వేసిన పట్టిక అదే. దానితో త్రిభుజం లెక్క కట్టాలంటే ప్రతిసారీ కోణాన్ని రెట్టింపు చేసి, వచ్చినదాన్ని సగం చెయ్యాలి. మనవాళ్లు ఆ సగాన్నే పట్టికకెక్కించారు. వృత్తంలో వంపు ముక్క విల్లు, దాని రెండు కొసలనూ కలిపే గీత వింటినారి, అంటే జ్య. అందులో సగం అర్ధజ్య. వాడగా వాడగా "అర్ధ" రాలిపోయి జ్య, జీవ అనే మిగిలాయి.

770ల్లో ఒక సంస్కృత సిద్ధాంత గ్రంథం, అంటే ఖగోళ గణిత గ్రంథం, బాగ్దాదులో ఖలీఫా అల్ మన్సూర్ కొలువుకి చేరింది. అక్కడి ఖగోళ శాస్త్రజ్ఞుడు అల్ ఫజారీ దాన్ని అరబ్బీలోకి తెచ్చాడు. "సిద్ధాంత" అక్కడ "సింద్‌హింద్" అయింది, "జీవ" "జీబ" అయింది. అరబ్బీలో పొట్టి అచ్చులు రాయరు కాబట్టి, తర్వాతివాళ్లు ఆ అక్షరాల్నే "జైబ్" అని చదివారు. జైబ్ అంటే బట్ట మడత, ఎదభాగం. 12వ శతాబ్దపు లాటిన్ అనువాదకులు ఆ అర్థమే తీసుకుని "సైనస్" అన్నారు. అదే సైన్. ఆ జైబ్ పారశీకం, ఉర్దూల మీదుగా మనదాకా కూడా వచ్చింది, మన చొక్కా జేబు అదే. పాప చేత ఇది తప్పకుండా రాయించండి. ఈ కథలో ఇంతకంటే అందమైన ముక్క నాకు తెలియదు.

తాతగారికి రెండో వైపు కూడా చెప్పండి. జిల్లా కేంద్రం అని రోజూ అనే మాటలోని "కేంద్రం" గ్రీకు కెంట్రాన్. పంచాంగంలోని హోర, ఇంగ్లీషు అవర్ ఒకే గ్రీకు మాటకి పిల్లలు. లిప్తపాటులోని లిప్త గ్రీకు లెప్టాన్. 6వ శతాబ్దంలో వరాహమిహిరుడు పంచసిద్ధాంతిక అనే ఖగోళ గ్రంథంలో, పడమటి నుంచి వచ్చిన రోమక, పౌలిశ సిద్ధాంతాల్ని పేర్లతో సహా చెప్పాడు. తెచ్చుకున్నది తెచ్చుకున్నట్టు ఒప్పుకున్న మనిషి ఆయన.

ఇక లెక్క. క్రీ.శ. 499 నాటి ఆర్యభటీయంలో జ్యా పట్టిక మొత్తం ఒక్క పద్యంలో ఉంది: "మఖి భఖి ఫఖి ధఖి..." అని మొదలవుతుంది. మన అక్షరమాల వచ్చినవాళ్లెవరైనా విప్పొచ్చు. క అంటే 1, ఖ 2, అలా లెక్కపెడుతూ పోతే మ 25. ఇకారం చేరితే నూరు రెట్లు, కాబట్టి ఖి 200. మఖి 225, భఖి 224, ఫఖి 222, ధఖి 219. డిగ్రీలో అరవయ్యో వంతు, అంటే కోణపు నిమిషం, ఒక కళ. వృత్తం చుట్టూ 21,600 కళలు, దానికి వ్యాసార్ధం 3438 కళలు. పట్టికలో ఒక్కో మెట్టు 225 కళలు, అంటే మూడుముప్పావు డిగ్రీలు.

పిల్లలు ఎక్కువగా తప్పేది ఇక్కడే: 224ని రెండో జ్య అనుకుంటారు. కాదు, అది తేడా. రెండో జ్య 225+224, అంటే 449. నాలుగు కలిపితే 890, అది నాలుగు మెట్లకి, అంటే 15 డిగ్రీలకి. దాన్ని 3438తో భాగిస్తే 0.2589. క్యాలిక్యులేటర్‌లో సైన్ 15 డిగ్రీలు 0.2588.

విషువ దినాన, అంటే పగలూ రాత్రీ సమానమయ్యే రోజున, మిట్టమధ్యాహ్నం సూర్యుడు నడినెత్తి నుంచి ఊరి అక్షాంశమంత కోణం పక్కకి ఉంటాడు, అందుకే నీడకి అక్షాంశం జ్య కావాలి. తిరుపతి అక్షాంశం సుమారు 13 డిగ్రీల 39 నిమిషాలు, అంటే 819 కళలు. మూడు మెట్లకి 675 కళలు పోగా 144 మిగులుతాయి. మూడు మెట్ల జ్య 671. మిగిలినదానికి 219×144÷225, అంటే 140. మొత్తం 811. 3438 వర్గంలోంచి 811 వర్గం తీసేసి మూలం కడితే కోటిజ్య, అంటే మన కొసైన్, 3341. విషువ దినాన మిట్టమధ్యాహ్నం 60 సెం.మీ. కర్ర నీడ 60×811÷3341, అంటే 14.6 సెం.మీ. కర్ర 12 అంగుళాలనుకుంటే నీడ 2.91 అంగుళాలు. జ్యోతిషంలో దీన్నే పలభ అంటారు, ఊరిని బట్టి లగ్నాలు కట్టడానికి అది కావాలి.

కొలవాల్సింది మార్చి 20న సుమారు 12:20కి, సెప్టెంబరు 23న సుమారు 12:05కి. సరిగ్గా పన్నెండుకి కొలిస్తే తప్పు, తిరుపతి మన గడియారాల టైము లెక్కగట్టే రేఖాంశానికి పడమట ఉంది. పావుగంట ముందు మొదలుపెట్టి రెండేసి నిమిషాలకి నీడ కొస దగ్గర చుక్క పెట్టించండి, అన్నిట్లోకీ పొట్టి నీడే మీ కొలత. మిద్దె మీద నేల వాలుంటుంది, నీళ్లమట్టం పెట్టి చూసి కింద పలక సరిచెయ్యండి. కర్రని తూకంగుండుతో నిలబెట్టండి, ఒక్క డిగ్రీ వంగినా కొస సెంటీమీటరు జరుగుతుంది. నీడ అంచు సుమారు 6 మి.మీ. మేర మసకగా ఉంటుంది, ఆ మసక మధ్యన గుర్తు పెట్టాలి. రోజు ఒకటి అటూఇటూ అయితే 4 మి.మీ. పైన తేడా.

పంచాంగంలో మేష సంక్రమణం చూసి ఏప్రిల్ 14న మాత్రం కొలవకండి. అయనచలనం వల్ల, అంటే భూమి అక్షం మెల్లగా తిరగడంతో విషువం నక్షత్రాల మధ్య జరుగుతూ ఉండటం వల్ల, అది అసలు విషువం నుంచి మూడు వారాలు దాటి జరిగిపోయింది. ఆ రోజు నీడ నాలుగున్నర సెంటీమీటర్లే వస్తుంది, పాప ఆర్యభటుడి లెక్క తప్పనుకుంటుంది. ఏప్రిల్ 26 ప్రాంతంలోనైతే సూర్యుడు నడినెత్తికొచ్చి కర్రకి నీడే ఉండదు, ఆగస్టు 16 ప్రాంతంలోనూ అంతే. కొలత 14.3కీ 14.9కీ మధ్య వస్తే సరిగ్గా చేసినట్టే. వచ్చిన అంకెనే రాయించండి, 14.6 అని దిద్దించొద్దు.